మన జగజెట్టీలు, జపాను సుమో వీరులు

– ఒక విశ్రాంత రెవెన్యూ ఉద్యోగి, సబ్బవరం



ప్రత్యేక సంచికకు చరిత్రకు సంబంధించిన వ్యాసం ఏదైనా వ్రాయమని మన సంఘం పెద్దలు కోరారు. డి.ఏ. బకాయిలు, మెడికల్ బిల్లులు, లైఫ్ సర్టిఫికెట్ల సంగతి ప్రతి సంచికలోనూ ఎలాగూ ఉంటుంది. అందుచేత ఈసారి మల్లయుద్ధాన్ని ఎన్నుకున్నాను. డెబ్బై దాటిన గుమాస్తాకి కుస్తీలతో పనేమిటని నవ్వుకోకండి. చివరిదాకా చదివితే ఈ విషయం మన పింఛను పుస్తకానికి ఎంత దగ్గరదో మీకే తెలుస్తుంది.

ముందుగా మన మాటలనే చూద్దాం. ఎన్నికల్లో నిలబడినవాడు గోదాలోకి దిగాడంటాం. సవాలు చేసినవాడు తొడగొట్టాడంటాం. ఘోరంగా ఓడినవాడు చిత్తయ్యాడంటాం. హిందుస్తానీలో 'చిత్' అంటే వెల్లకిలా పడడం. కుస్తీలో వీపు నేలకు ఆనితే ఓటమే గదా. సంసారంలో గానీ సంఘంలో గానీ పట్టూ విడుపూ ఉండాలంటాం. మహావీరుణ్ణి జగజెట్టి అంటాం. ఇన్ని మాటలు మన నోళ్ళలో మిగిలాయి. ఆ మాటలు పుట్టిన గోదాలు మాత్రం ఊళ్ళలో కనబడడం లేదు. అవి ఎందుకు పోయాయి? అదే కాలంలో జపాను దేశంలో సుమో కుస్తీ ఎలా నిలబడింది? బలం ఉడిగిన తరువాత మల్లుడికి అన్నం ఎవరు పెట్టారు? ఈ మూడు ప్రశ్నలకూ చరిత్రలో దొరికే జవాబు ఒక్కటే అని నాకు తోస్తుంది.

రాజుల కొలువులో మల్లులు

పురాణాల్లో మల్లయుద్ధాలకు కొదవ లేదు. భీముడు జరాసంధుణ్ణి చీల్చిన కథ, మధురలో శ్రీకృష్ణుడు చాణూరుణ్ణీ, బలరాముడు ముష్టికుణ్ణీ మట్టి కరిపించిన కథ మనకు చిన్ననాటి నుంచీ తెలిసినవే. అజ్ఞాతవాసంలో వంటవాడుగా ఉన్న భీముడు విరటుని కొలువులో జీమూతుడనే మల్లుణ్ణి పడగొట్టాడు. ఆ కథల్లో కూడా మల్లులు రాజుల కొలువులోనే ఉన్నారని గమనించాలి. చాణూరుడు కంసుని మల్లుడు. రాజుగారి అన్నం తిని రాజుగారి కోసం పోరాడేవాడే మల్లుడు.

చరిత్రకు వస్తే, కల్యాణి చాళుక్య చక్రవర్తి మూడవ సోమేశ్వరుడు 12వ శతాబ్దంలో 'మానసోల్లాసం' అనే సంస్కృత గ్రంథం వ్రాశాడు. అప్పట్లో మన కాకతీయులు ఆ చాళుక్యులకు సామంతులు. రాజుల వినోదాలను వివరించే ఈ గ్రంథంలో మల్లుల మీద ప్రత్యేకంగా ఒక ప్రకరణం ఉంది. ఒక పాత సర్వీసు రూల్సు పుస్తకం చదువుతున్నట్టే ఉంటుంది ఆ పద్ధతి. మల్లులను జ్యేష్ఠికులు, అంతరజ్యేష్ఠికులు, గోవలులు అని మూడు తరగతులు చేశారు. మన భాషలో చెప్పాలంటే గ్రేడ్లన్నమాట. జెట్టి అనే మాట ఈ 'జ్యేష్ఠ' శబ్దం నుంచి వచ్చిందే. బరువులతో చేసేది భారశ్రమ. నడకతో చేసేది భ్రమణశ్రమ. నీళ్ళలో ఈదుతూ చేసేది సలిలశ్రమ. స్తంభాన్ని పట్టుకొని చేసేది స్తంభశ్రమ. ఈ సాధనలన్నీ చేసే మల్లులకు పప్పు, మాంసం, పాలు, నెయ్యి రాజుగారి ఖర్చు మీదనే అందాలి. వారు ఆడవారికి దూరంగా ఉండి ఒళ్ళు పెంచడం మీదనే మనసు పెట్టాలి. ఇదీ నియమం.

విజయనగర సామ్రాజ్యానికి వస్తే మనకు కళ్ళారా చూసినవారి సాక్ష్యమే ఉంది. 1520 ప్రాంతంలో హంపీ నగరాన్ని చూసిన పోర్చుగీసు యాత్రికుడు పేస్, శ్రీకృష్ణదేవరాయల దినచర్యను వివరించాడు. రాయలవారు తెల్లవారకముందే లేచి నువ్వుల నూనె తాగి, ఒంటికీ అదే నూనె పట్టించుకొని, చిన్న గుడ్డ మాత్రం నడుముకు చుట్టుకునేవారట. బరువైన మట్టి గుండ్లు చేతులతో ఎత్తి, తాగిన నూనె అంతా చెమటగా బయటికి పోయేదాకా కత్తి సాము చేసేవారట. తరువాత తన మల్లులలో ఒకడితో కుస్తీ పట్టి, ఆపైన గుర్రమెక్కి స్వారీ చేసేవారట. చక్రవర్తి అంతటివాడు పొద్దున్నే లంగోటీ బిగించి జెట్టితో పట్లు పట్టాడంటే, ఆనాడు ఆ విద్యకు ఎంత గౌరవం ఉండేదో ఊహించుకోవచ్చు.

ఆ తరువాత వచ్చిన న్యూనిజ్ అనే మరో పోర్చుగీసువాడు నవరాత్రి ఉత్సవాల్లో రాజు ముందు పోరాడడానికి వెయ్యి మంది మల్లులు ఉండేవారని వ్రాశాడు. వారు చేతుల్లో మొనలున్న కడియాల వంటివి పట్టుకొని కొట్టుకునేవారనీ, ఎక్కువ గాయపడినవాడు పట్టుబట్టను బహుమానంగా అందుకునేవాడనీ చెప్పాడు. కుస్తీ పట్టే ఆడవాళ్ళు కూడా రాజు కొలువులో ఉండేవారని ఆయనే వ్రాశాడు. ఈ వజ్రముష్టి పోరు ఇప్పటికీ మైసూరు ప్యాలెస్‌లో విజయదశమి నాడు ఆనవాయితీగా జరుగుతుంది. నెత్తురు చుక్క కనబడగానే ఆపేస్తారు. అందులో పాల్గొనేవారిని నేటికీ జెట్టీలనే పిలుస్తారు.

తాలింఖానాలు, వస్తాదులు

సామ్రాజ్యాలు పోయినా సంస్థానాలు, జమీందారీలు మిగిలాయి. ఊరూరా తాలింఖానాలు వెలిశాయి. కొన్నిచోట్ల వాటినే గరిడీలనేవారు. మా చిన్నతనం నాటికి మన వైపు పల్లెల్లో వాటి ఛాయలు ఇంకా మిగిలే ఉన్నాయి. ఒక పాక, గోడ మీద ఆంజనేయస్వామి పటం, మూలన గదలు, మధ్యలో జల్లించిన ఎర్రమట్టి. ఆ మట్టిలో నువ్వుల నూనె, పసుపు, మజ్జిగ కలిపి మెత్తగా చేసేవారు. దెబ్బ తగిలినా పుండు పడకుండా అదే మందు. తెల్లవారుజామున దండీలు, బస్కీలు. ఆపైన పట్లు. వస్తాదు గారు కర్ర పట్టుకొని నిలబడితే ఎంతటి మోతుబరి కొడుకైనా ముందు గోదా మట్టి తవ్వి చదును చేయవలసిందే. సంక్రాంతికి సంగిడి రాళ్ళు ఎత్తే పందేలు మన ఉత్తర జిల్లాల్లో జరిగేవి. కొన్ని ఊళ్ళలో ఇప్పటికీ జరుగుతున్నాయి.

పోటీ అంటే మామూలు పోటీ కాదు. ఈ ఊరి తాలింఖానాకూ ఆ ఊరి తాలింఖానాకూ పడేది కాదు. కాని గోదాలో ఒక మర్యాద ఉండేది. దిగేముందు మట్టి తీసి కళ్ళకద్దుకోవడం, ఎదుటివాడి చేయి కలపడం, అయిపోయాక ఓడినవాణ్ణి గెలిచినవాడు లేవదీసి కౌగిలించుకోవడం. పగ గోదా గట్టు దాటి రాకూడదన్నది వస్తాదుల మాట.

అయితే వస్తాదుకు జీతమెవరిచ్చేవారు? జమీందారు గారో, ఊరి పెద్దో ఏడాదికి ఇన్ని గింజలని ఇచ్చేవారు. దసరాకు ఒక పంచెల చాపు. ఆ దాత ఉన్నంతవరకే ఆ గింజలు.

కోడి రామ్మూర్తి నాయుడు గారు

ఈ సంప్రదాయంలో నుంచి పుట్టిన మహాబలుడు కోడి రామ్మూర్తి నాయుడు గారు. 1880ల తొలి సంవత్సరాల్లో వీరఘట్టంలో జన్మించారు. ఆ ఊరు ఇప్పుడు పార్వతీపురం మన్యం జిల్లాలో ఉంది. చిన్నతనంలోనే తల్లి పోయారు. విజయనగరంలో పోలీసు శాఖలో ఉన్న పినతండ్రి ఇంట పెరిగి అక్కడి వ్యాయామశాలలో ఒళ్ళు పెంచారు. మద్రాసు సైదాపేటలో వ్యాయామ శిక్షణ పొంది, విజయనగరంలో తాము చదివిన పాఠశాలలోనే వ్యాయామోపాధ్యాయులుగా చేరారు. అంటే ఆయన కూడా మనలాగే కొంతకాలం నెలజీతగాడే.

తరువాత ఉద్యోగం వదిలి సర్కసు సంస్థ నెలకొల్పారు. అది ఆ కాలపు గాలి. జర్మనీ దేశపు బలశాలి యూజెన్ శాండో 1900ల మొదటి దశాబ్దంలో మన దేశం వచ్చి ప్రదర్శనలిచ్చాడు. మనం వేసుకునే చేతుల్లేని బనియనుకు 'శాండో బనియన్' అనే పేరు ఆయన నుంచి వచ్చిందే. తెల్లవాడి బలాన్ని చూసి దేశం నోరు తెరిచిన రోజుల్లో, మనవాడు ఒకడు శాకాహారం తిని, ప్రాణాయామం చేసి, గుండెల మీదికి ఏనుగును ఎక్కించుకున్నాడు. ఛాతీకి చుట్టిన ఇనుప గొలుసును ఊపిరి బిగించి తెంపాడు. కదిలే మోటారు కార్లను తాళ్ళతో పట్టి ఆపాడు. ఉత్తరాదిలో ఆయనను 'ప్రొఫెసర్ రామమూర్తి' అని పిలిచేవారు. కలియుగ భీముడు, ఇండియన్ హెర్క్యులిస్, మల్లమార్తాండ అని బిరుదులు వచ్చాయి. వాటి వెనుక వైస్రాయి మింటో, లోకమాన్య తిలక్, ఐదవ జార్జి చక్రవర్తి పేర్లతో ఎన్నో కథలు చెబుతారు. ఏ కథలో ఎంత అతిశయం ఉన్నా, ఆయన డేరా వేసిన ప్రతి ఊళ్ళోనూ కుర్రవాళ్ళు మరునాటి నుంచే దండీలు మొదలుపెట్టారన్నది నిజం.

ఇక్కడ ఒక్క విషయం ఆలోచించాలి. అంతటి బలశాలి గోదాలో నిలబడక సర్కసు డేరాలోకి ఎందుకు వెళ్ళారు? తెలుగునాట మల్లుడు ఏడాది పొడుగునా పోటీలు పట్టి బతకడానికి ఒక ఏర్పాటు లేదు. పందేనికి పిలిచే దాత ఉంటే పందెం, లేకపోతే లేదు. సర్కసులో టిక్కెట్టు ఉంది. టిక్కెట్టులో కూడు ఉంది. ఆయన సంపాదించింది సామాన్యం కాదు. దానధర్మాలకు కూడా అంతే ధారాళంగా వెచ్చించారని ప్రతీతి. చివరి రోజుల్లో కాలు జబ్బు చేసి తీసివేయవలసి వచ్చింది. 1942 జనవరిలో, పుట్టిన గడ్డకు దూరంగా, ఇప్పటి ఒడిషాలోని బలంగీరులో ఒక సంస్థానాధీశుని ఆదరణలో కన్నుమూశారు. విశాఖ బీచ్ రోడ్డులో ఆయన విగ్రహం ఉంది. శ్రీకాకుళంలో స్టేడియానికి ఆయన పేరు పెట్టారు. గౌరవం దక్కింది. కాని ఆయన వెనుక ఆ విద్యను పట్టి నిలిపే సంస్థ ఏదీ మిగలలేదు.

అదే విజయనగరంలో సంగీతానికి ఏం జరిగిందో చూడండి. 1919లో మహారాజావారు సంగీత కళాశాల పెట్టారు. ఆదిభట్ల నారాయణదాసు గారు మొదటి ప్రిన్సిపాలు. తరువాత ద్వారం వెంకటస్వామి నాయుడు గారు ఆ పీఠంలో కూర్చున్నారు. 1948 చట్టంతో జమీందారీలు రద్దయ్యాయి. కాని కళాశాల రద్దు కాలేదు. అది ప్రభుత్వ కళాశాలగా నేటికీ నడుస్తోంది. వీణకూ వయొలిన్‌కూ పోస్టులు మంజూరయ్యాయి. గదకూ గోదాకూ కాలేదు. ఒకే ఊరు, ఒకే ప్రభువు. ఒక విద్యకు సంస్థ ఏర్పడింది, రెండోదానికి దాత మాత్రమే ఉన్నాడు. దాత పోగానే తాలింఖానా పాక కూలింది.

నేను సర్వీసులో ఉండగా ఒక మండల కార్యాలయంలో వృద్ధాప్య పింఛను దరఖాస్తులు చూసేవాణ్ణి. ఒకనాడు ఎనభై ఏళ్ళు పైబడిన వృద్ధుడు వచ్చాడు. చెవులు ముద్ద కట్టి ఉన్నాయి. అవి కుస్తీ పట్టినవాడి చెవులని చూడగానే తెలుస్తుంది. వృత్తి ఏమిటని అడిగాను. "నాను వస్తాదునండి బాబూ. ముప్పై ఊర్లోలకి పట్లు నేర్పినాను" అన్నాడు. దరఖాస్తులో కూలీ, కౌలుదారు, చేతివృత్తి అని ఉన్నాయి గాని వస్తాదు అనే మాట లేదు. నేను కలం పట్టుకొని ఆగడం చూసి ఆయనే నవ్వి, "కూలీ అని రాసీండి బాబూ, ఏటయింది" అన్నాడు. అలాగే వ్రాశాను. పింఛను మంజూరైంది. ముప్పై ఊళ్ళకు గురువైనవాడు ప్రభుత్వ రికార్డులో కూలీగానే మిగిలాడు.

జపానులో ఏం చేశారు?

ఇప్పుడు జపాను సంగతి. సుమో కుస్తీ పుట్టుక కథ కూడా మన భీమ జరాసంధుల కథ వంటిదే. క్రీ.శ. 720లో పూర్తయిన 'నిహోన్ షోకి' అనే వారి ప్రాచీన చరిత్ర గ్రంథంలో నోమి నో సుకునే అనే వీరుడు చక్రవర్తి సమక్షంలో ప్రత్యర్థి పక్కటెముకలు విరగదన్ని చంపిన కథ ఉంది.

అక్కడ కూడా మల్లులను పోషించింది ప్రభువులే. 'దైమ్యో' అనబడే సంస్థానాధీశులు పేరున్న మల్లులకు భత్యమిచ్చి తమ కొలువులో ఉంచుకునేవారు. 1871లో మెయిజీ ప్రభుత్వం సంస్థానాలను రద్దు చేసింది. మనకు 1948లో జరిగినది వారికి 77 ఏళ్ళ ముందే జరిగిందన్నమాట. మల్లులు వీధిన పడ్డారు. అర్ధనగ్నంగా చేసే ఈ కుస్తీ అనాగరికమని కొత్త చదువుల పెద్దలు ఈసడించారు కూడా. 1884లో మెయిజీ చక్రవర్తి స్వయంగా కూర్చుని సుమో చూడడంతో గాలి తిరిగింది. 1909లో టోక్యోలో 'కొకుగికాన్' అనే శాశ్వత భవనం కట్టారు. 1925లో సంఘాన్ని చట్టబద్ధం చేశారు. 1958 నుంచి ఏడాదికి ఆరు పోటీలు, ఒక్కొక్కటి పదిహేను రోజులు. ఒకసారి చక్రవర్తి మెచ్చుకున్నాడు గదా అని వాళ్ళు ఊరుకోలేదు. ఆ మెప్పును భవనంగా, సంఘంగా, నియమావళిగా మార్చుకున్నారు.

వారి శిక్షణ మన తాలింఖానాను గుర్తుకు తెస్తుంది. ప్రతి మల్లుడూ ఒక శాలలో చేరాలి. దానిని 'హేయా' అంటారు. కుర్రవాళ్ళు తెల్లవారుజామునే లేచి ఖాళీ కడుపుతో సాధన చేస్తారు. కాలు పక్కకు ఎత్తి నేల మీద దబ్బున మోపడం, పాదాలు నేల విడవకుండా జరుగుతూ నడవడం, కొయ్య స్తంభాన్ని అరచేతులతో మోదడం. ఈ స్తంభం సోమేశ్వరుడు చెప్పిన స్తంభశ్రమకు దూరపు చుట్టం అనిపిస్తుంది. చిన్నవాళ్ళు వంట చేయాలి, ఊడవాలి, పెద్దవాళ్ళ వీపు తోమాలి. పదకొండు గంటల ప్రాంతంలో కూరలు, చేపలు, మాంసం కలిపి ఉడికించిన పెద్ద కుండ వంటకం, దానితో అన్నం. తినగానే నిద్ర. ఒళ్ళు పెరిగే రహస్యం అదే.

కుస్తీ జరిగే మట్టి వలయం వ్యాసం 4.55 మీటర్లు. చుట్టూ గడ్డి మోకులు పాతి ఉంటాయి. దిగేముందు పవిత్రత కోసం ఉప్పు చల్లుతారు. వలయం దాటినా, అరికాలు తప్ప ఒంట్లో ఏ భాగం నేలకు తగిలినా ఓటమే. చాలా పోట్లాటలు నిమిషం లోపలే తేలిపోతాయి. బరువును బట్టి తరగతులు లేవు. చిన్నవాడు కొండవంటివాణ్ణి పడగొట్టవచ్చు. జనం ఎగబడి చూసేది దానికోసమే.

గ్రేడ్ల విషయంలో మాత్రం మన సర్వీసు రిజిస్టరు కూడా వారి ముందు బలాదూరు. ప్రతి పోటీకి ముందు మల్లులందరి పేర్లూ హోదా క్రమంలో ఒక పట్టికగా అచ్చవుతాయి. గెలుపోటముల లెక్కను బట్టి ప్రమోషన్, రివర్షన్ రెండూ వెంటనే. దాదాపు ఆరువందల మందిలో పై రెండు తరగతుల్లోని డెబ్బై మందికే నెలజీతం. మిగిలినవారికి తిండి, వసతి, కొద్దిపాటి భత్యం. అందరికంటె పై హోదా 'యొకొజునా'. ఆ హోదా వచ్చినవానికి రివర్షన్ లేదు. తగిన ఆట ఆడలేకపోతే తానే విరమించాలి.

పోటీ అక్కడ ఒక పండుగ. 1960ల్లో తైహో, కాషివాదో అనే ఇద్దరు యొకొజునాల పోరు కోసం దేశమంతా రేడియోలు, టీవీల ముందు కూర్చునేదట. ఆపైన విదేశీయులూ వచ్చారు. 1993లో హవాయికి చెందిన అకెబోనో యొకొజునా అయ్యాడు. మంగోలియా నుంచి వచ్చిన హకుహో 45 టైటిళ్ళు గెలిచి 2021లో విరమించాడు. 2025లో మంగోలియా కుర్రవాడు హోషోర్యు, జపాను కుర్రవాడు ఓనోసాటో కొద్ది నెలల తేడాలో యొకొజునాలయ్యారు. దీంతో పాత రోజుల జంట పోటీ మళ్ళీ మొదలైంది.

ఇక మనవంటివారికి కావలసిన ముఖ్య విషయం. పై తరగతుల్లో తగినంత కాలం నిలబడినవాడు విరమించాక సంఘంలో పెద్దగా కొనసాగవచ్చు. అలాంటి పెద్దల పేర్లు 105 మాత్రమే ఉన్నాయి. అవి తరతరాలుగా చేతులు మారుతూ వస్తాయి. ఆ పేరు దక్కినవాడు శిష్యులకు నేర్పుతూ, పోటీలు నడుపుతూ 65 ఏళ్ళ వరకు ఉంటాడు. 2014 నుంచి, 65 దాటినవారిని 70 ఏళ్ళ దాకా తిరిగి నియమించుకునే వీలు కూడా కల్పించారు. సూపరాన్యుయేషన్, రీఎంప్లాయ్‌మెంట్ రెండూ ఉన్న కుస్తీ ప్రపంచంలో మరొకటి ఉందో లేదో!

అంతా బంగారమని అనడం లేదు. 2007లో ఒక శాలలో పదిహేడేళ్ళ శిష్యుడు పెద్దల దెబ్బలకు చనిపోయాడు. కుమ్మక్కు కుస్తీలు బయటపడి 2011 మార్చి పోటీనే రద్దు చేశారు. 2018లో ఒక ఊళ్ళో గోదా మీద కుప్పకూలిన నగర మేయరుకు ప్రాణరక్ష చేయబోయిన స్త్రీలను, ఆడవారు గోదా ఎక్కరాదంటూ దిగిపొమ్మని ప్రకటించి, తరువాత సంఘమే క్షమాపణ చెప్పవలసి వచ్చింది. పై తరగతికి చేరలేని కుర్రవాళ్ళు ఉత్త చేతులతో బయటికి పోతారు. అయినా అక్కడ తప్పు జరిగితే అడగడానికి ఒక సంఘం ఉంది. మన వస్తాదుకు అర్జీ పెట్టుకోవడానికి కూడా చోటు లేదు.

గామా, జాదవ్, మన ఆడపిల్లలు

ఉత్తరాదిన కుస్తీ గొప్పగా వెలిగింది. గామా పహిల్వాన్ ఎత్తు ఐదడుగుల ఏడంగుళాలు. ఆయన ప్రత్యర్థి రహీంబక్ష్ సుల్తానీవాలా దాదాపు ఏడడుగుల మనిషి. వీరిద్దరూ ఎన్నిసార్లు తలపడినా తేలక, చివరికి అలహాబాదులో గామాదే పైచేయి అయింది. 1910లో గామా లండను వెళ్ళి పోలండు మల్లుడు జిబిస్కోతో రెండున్నర గంటలకు పైగా పోరాడాడు. తేలలేదు. వారం తరువాత మళ్ళీ రమ్మంటే జిబిస్కో రాలేదు. 1928లో పటియాలాలో ఇద్దరూ మళ్ళీ తలపడితే నిమిషంలోపే గామా గెలిచాడు. అతణ్ణి పోషించింది పటియాలా మహారాజు వంటి ప్రభువులు. దేశ విభజనతో సంస్థానాల ఆదరణ పోయింది. 1960లో లాహోరులో చనిపోయేనాటికి జబ్బుతో, డబ్బుకు ఇబ్బంది పడ్డాడు. సరిహద్దు ఇవతల నుంచి బిర్లా గారు సాయం పంపారని చెబుతారు.

కాశాబా జాదవ్ కథ ఇంకా మనకు దగ్గరగా ఉంటుంది. 1952 హెల్సింకి ఒలింపిక్సులో కుస్తీలో కాంస్యం తెచ్చాడు. స్వతంత్ర భారతానికి వ్యక్తిగత విభాగంలో అదే మొదటి ఒలింపిక్ పతకం. ప్రయాణ ఖర్చు కోసం కొల్హాపూరులో ఆయన చదివిన కళాశాల ప్రిన్సిపాలు తన ఇల్లు తాకట్టు పెట్టి ఏడు వేల రూపాయలిచ్చారు. జాదవ్ 1955లో పోలీసు శాఖలో చేరి పాతికేళ్ళకు పైగా పనిచేశాడు. అటువంటివాడు కూడా రిటైరయ్యాక పింఛను కోసం తిరగవలసి వచ్చింది. 1984లో రోడ్డు ప్రమాదంలో మరణించాడు. అర్జున అవార్డు ఆ తరువాత ఎన్నో ఏళ్ళకు వచ్చింది.

మన ఉత్తరాంధ్ర బలం మాత్రం మరో దారి వెతుక్కుంది. సంగిడి రాయి ఎత్తిన చేయి బార్‌బెల్ పట్టింది. శ్రీకాకుళం జిల్లా ఊసవానిపేటలో నీలంశెట్టి అప్పన్న గారి దగ్గర తొలి పాఠాలు నేర్చిన కరణం మల్లీశ్వరి 2000 సంవత్సరంలో సిడ్నీలో 240 కిలోలు ఎత్తి కాంస్యం తెచ్చింది. ఒలింపిక్ పతకం గెలిచిన మొదటి భారతీయ స్త్రీ ఆమె. విజయనగరం జిల్లా నెల్లిమర్ల దగ్గర కొండవెలగాడ అనే పల్లె వెయిట్‌లిఫ్టర్ల ఊరుగానే పేరు పొందింది. ఆ ఊరి ఆడపిల్ల మత్స సంతోషి 2014 గ్లాస్గో కామన్వెల్త్ పోటీల్లో పతకం గెలిచింది. న్యూనిజ్ చూసిన ఆడ మల్లుల వారసత్వం మన పల్లెల్లో ఇలా తేలిందనుకుంటే తప్పేముంది?

ఈ పిల్లలు తెల్లవారుజామున లేచి బరువులెత్తడానికి ఒక కారణం పతకం. రెండో కారణం క్రీడా కోటా. రైల్వేలో, సైన్యంలో, పోలీసులో, ఆహార సంస్థలో ఒక ఉద్యోగం. దానిని కొందరు తక్కువగా మాట్లాడతారు. నేను అలా అనుకోను. రాయలవారి కొలువులో జెట్టికి దొరికిన అన్నం, దైమ్యో ఇచ్చిన భత్యం, జమీందారు కొలిచిన గింజలు, ఈనాటి క్రీడా కోటా ఉద్యోగం – అన్నీ ఒకే అవసరానికి నాలుగు రూపాలు. తేడా ఒక్కటే. మొదటి మూడూ దాత ఇష్టం, నాలుగోది హక్కు. దాత మారితే మారనిదీ, దాత పోయినా పోనిదీ హక్కు మాత్రమే. పింఛను మీద మన తరం ఇంత పట్టుపట్టిందీ, 2004 సెప్టెంబరు తరువాత సర్వీసులో చేరిన మన పిల్లలు పాత పింఛను కోసం ఇంతగా అడుగుతున్నదీ అందుకే.

మనం చేయగలిగినది

కేంద్ర ప్రభుత్వం 1982లో ఇబ్బందుల్లో ఉన్న క్రీడాకారుల కోసం జాతీయ సంక్షేమ నిధిని ఏర్పాటు చేసింది. 1994 నుంచి అంతర్జాతీయ పతకాలు గెలిచినవారికి నెలవారీ పింఛను పథకం కూడా ఉంది. ఒలింపిక్ పతకం గెలిచినవారికి 2018లో అది నెలకు 20,000 రూపాయలుగా సవరించారు. అయితే ఇవన్నీ పతకం, సర్టిఫికెట్టు ఉన్నవారికి. పల్లెలో పట్లు నేర్పిన ముసలి వస్తాదుకు సర్టిఫికెట్టు ఎక్కడిది?

మన సంఘ సభ్యులలో చాలామందిమి జీవితమంతా ఫైళ్ళ మధ్య గడిపినవాళ్ళమే. ఏ కాగితం ఏ సెక్షనుకు వెళ్ళాలో, ఏ అర్జీకి ఏది జతపరచాలో మనకు తెలిసినంతగా ఎవరికి తెలుసు? కనుక సభ్యులకు ఒక మనవి. మీ మీ ఊళ్ళలో పాత తాలింఖానా ఎక్కడ ఉండేదో, వస్తాదు ఎవరో, ఎవరెవరికి నేర్పారో, ఏ పండుగకు పందేలు జరిగేవో ఒక కాగితం మీద వ్రాసి ఉంచండి. ఫోటోలుంటే భద్రపరచండి. పూర్వపు మల్లుడో, వెయిట్‌లిఫ్టరో ఆసరా లేక ఉంటే ఆయనకు రావలసిన పింఛనుకు, సంక్షేమ నిధికి అర్జీ మీరే వ్రాసి పెట్టండి. మీ మనవడో మనవరాలో ఊళ్ళో వ్యాయామశాలకు వెళతానంటే అడ్డు చెప్పకండి. చదువు చెడుతుందన్న భయం మన తరంతోనే పోవాలి.

బలం నలభై ఏళ్ళకు తగ్గుతుంది. ఆకలి ఎనభై ఏళ్ళకూ తగ్గదు. ఈ రెంటి మధ్య ఉన్న నలభై ఏళ్ళ సంగతి చూసుకున్న దేశంలో మల్లయుద్ధం నిలిచింది. చూసుకోని చోట మాటల్లో మాత్రమే మిగిలింది.